ప్రెబెన్ లెర్డార్ఫ్ ర్యూ: రెండు డ్రయ్యర్ సినిమాలు, ఆ తర్వాతి చిన్న పాత్రలు

మౌనచిత్రం:

డెన్మార్క్ సినిమా అనగానే మన చర్చలు దర్శకుల చుట్టూనే తిరుగుతాయి. ఈసారి ఒక నటుడి గురించి మాట్లాడుకుందామని ఈ అంశాన్ని మొదలుపెడుతున్నాను. ఆయన పేరు ప్రెబెన్ లెర్డార్ఫ్ ర్యూ. 1917 మే 20న పుట్టారు, 1995 మే 15న కన్నుమూశారు. 1941 నుంచి 1991 దాకా యాభైకి పైగా సినిమాల్లో కనిపించారు. పేరు చెబితే గుర్తుపట్టేవారు అరుదు కానీ, కార్ల్ థియోడోర్ డ్రయ్యర్ తీసిన ‘ఆర్డెట్’ చూసినవారెవరైనా ఆయన ముఖాన్ని మరచిపోలేరు. తానే క్రీస్తునని నమ్మి ఇసుక దిబ్బలెక్కి ప్రవచనాలు చెప్పే యొహానెస్ ఆయనే.

అంతకు పన్నెండేళ్ల ముందు, 1943లో, అదే దర్శకుడి ‘డే ఆఫ్ రాత్’లో మార్టిన్‌గా నటించినదీ ఆయనే. ప్రపంచ సినిమా చరిత్ర గ్రంథాలన్నింటిలోనూ చోటు దక్కిన రెండు చిత్రాల్లో ముఖ్య పాత్రలు వేసిన మనిషి, ఆ తర్వాత దశాబ్దాల పాటు చిన్నాచితకా సహాయక పాత్రలతో సరిపెట్టుకుని, అరవై ఏడో ఏట లార్స్ వాన్ ట్రయర్ తొలి చలనచిత్రంలో తాతగా మళ్లీ ప్రత్యక్షమయ్యారు. దీనిని విఫలమైన నటజీవితం అనాలా, లేక డెన్మార్క్ వంటి చిన్న దేశంలో నటుడి బతుకు సహజంగానే ఇలా సాగుతుందా అన్నది నా ప్రశ్న. ఆ రెండు పాత్రలను దగ్గరగా చూడకుండా ఈ ప్రశ్నకు జవాబు దొరకదని మాత్రం నాకు అనిపిస్తోంది.

ఉత్తరసముద్రం:

మంచి అంశం ఎత్తుకున్నారు. ఉద్యోగరీత్యా నేను కొన్నేళ్లుగా డెన్మార్క్‌లో ఉంటున్నాను కాబట్టి ముందుగా ఊళ్ల సంగతి చెబుతాను. లెర్డార్ఫ్ ర్యూ పుట్టింది జట్లాండ్ పశ్చిమ తీరానికి చేరువలో ఉన్న రింగ్‌క్యోబింగ్ పట్టణంలో. ‘ఆర్డెట్’ బయటి దృశ్యాలు తీసిన వేడెర్స్యో గ్రామం అక్కడికి ఎంతో దూరం కాదు. ఆ సినిమాకు మూలమైన నాటకం రాసిన కై ముంక్ ఆ గ్రామానికే పాస్టరు. నాటకం 1925లో రాశాడు, 1932లో కోపెన్‌హాగన్ రంగస్థలం మీదికి వచ్చింది. జర్మన్ ఆక్రమణను చర్చి ప్రసంగవేదిక మీద నుంచే బాహాటంగా ఖండించినందుకు 1944 జనవరి 4న గెస్టపో (నాజీ రహస్య పోలీసు) మనుషులు ఆయనను ఇంటి నుంచి తీసుకుపోయి కాల్చి చంపారు. ‘డే ఆఫ్ రాత్’ విడుదలైంది 1943 నవంబరులో. అంటే ఒక పాస్టరు ఇంట్లో మంత్రగత్తెల వేట ఎలా జరిగిందో చెప్పే సినిమా కోపెన్‌హాగన్ తెర మీదికి వచ్చిన రెండు నెలల లోపే ఈ హత్య జరిగిందన్నమాట.

‘ఆర్డెట్’లో కథను నడిపే మత వివాదం మన పాఠకులకు కొంత అయోమయంగా ఉండవచ్చు. యొహానెస్ తండ్రి, ముసలి మోర్టెన్ బోర్గెన్, గ్రుండ్ట్‌విగ్ అనే మతబోధకుడి సంప్రదాయానికి చెందిన రైతు. ఈ లోకంలో ఆనందంగా, పాడుకుంటూ బతకడం దైవభక్తికి విరుద్ధం కాదని నమ్మేవారు వాళ్లు. దర్జీ పీటర్ ‘ఇన్నర్ మిషన్’ అనే ఉద్యమానికి చెందినవాడు. పాపం, పశ్చాత్తాపం, క్రీస్తులో కొత్త జన్మ పొందిన విశ్వాసం తప్ప మరొకటి ఆ వర్గానికి అక్కర్లేదు. ఇద్దరిదీ ఒకే లూథరన్ చర్చి, అయినా ఒకరి పిల్లను మరొకరి ఇంటికి ఇవ్వడానికి ససేమిరా అంటారు. ఈ రెండు విశ్వాసాలకూ ఎడంగా, ఎవరికీ పట్టని మూడోవాడిగా యొహానెస్ ఆ ఇంట్లో తిరుగుతుంటాడు. నటుడికి అది ఎంత ఇబ్బందికరమైన స్థానమో ఆలోచించండి. చుట్టూ ఉన్న పాత్రలన్నీ కాఫీ తాగుతూ, పొగాకు పీలుస్తూ మామూలు మనుషులలా మాట్లాడుకుంటుంటే, అతడొక్కడే మరో లోకపు స్వరంతో మాట్లాడాలి.

ప్రొజెక్టరు:

నేను మార్టిన్ పాత్ర నుంచి మొదలుపెడతాను, ఎందుకంటే యొహానెస్ నీడలో పడి దానిని ఎవరూ పట్టించుకోరు. కథ 1623లో జరుగుతుంది. వృద్ధ పాస్టరు అబ్సలాన్‌కు ఆన్ అనే యువతి రెండో భార్య. మొదటి భార్య కొడుకు మార్టిన్ విదేశం నుంచి చదువు ముగించుకుని వస్తాడు. సవతి తల్లీ కొడుకులు ప్రేమలో పడతారు. ఒక రాత్రి ఆన్ తన భర్త ముఖం మీదే, నువ్వు చస్తే బాగుండునని ఎన్నోసార్లు కోరుకున్నానని చెబుతుంది. ఆయన అక్కడికక్కడే కుప్పకూలి చనిపోతాడు. శవపేటిక పక్కన చివరి సన్నివేశం.

ఆ సన్నివేశంలో ర్యూ చేసినదేమిటో గమనించండి. నాయనమ్మ మెరెటె లేచి, నా కొడుకును మంత్రప్రయోగంతో చంపినది ఇదేనని అందరి ముందూ ఆరోపిస్తుంది. అప్పటిదాకా ఆన్ పక్కన నిలబడతానని మాట ఇచ్చిన మార్టిన్ ఆమెను వదిలి నాయనమ్మ వైపు చేరిపోతాడు. పెద్ద సంభాషణ లేదు, కన్నీళ్లు లేవు. మనిషి ఒకవైపు నుంచి మరోవైపుకు జరుగుతాడు, అంతే. ఆ కొద్ది అడుగులతో ఆన్ మీద శిక్ష ఖరారైపోతుంది. ఆన్‌గా వేసిన లిస్బెత్ మోవిన్ ముఖంలో ఆ తర్వాత కనిపించే ఓటమికి అసలు కారణం మెరెటె ఆరోపణ కాదు, ఈ అడుగులే. సినిమా అంతటా మార్టిన్‌ను చూడండి: అడవిలో ఆన్‌తో నడుస్తున్నప్పుడు కూడా అతని ముఖంలో సంతోషం కంటే ఉలికిపాటే ఎక్కువ. ఇరవై ఆరేళ్ల వయసులో ఒక నటుడు పిరికితనాన్ని ఇంత మర్యాదగా, ఇంత అందంగా చూపడం సామాన్యం కాదు. కథానాయకుడిలా కనిపించాలన్న తాపత్రయం ఏ క్షణంలోనూ లేదు. తర్వాతి కాలంలో ఆయనకు కథానాయక పాత్రలు రాకపోవడానికి కారణం కూడా ఇదేనేమోనని నా అనుమానం. ప్రేక్షకులు ప్రేమికుడిని క్షమిస్తారు గానీ, ప్రేయసిని మంటలకు వదిలేసిన ప్రేమికుడిని క్షమించరు.

సందేహి:

అందరూ ఇలా మెచ్చుకుంటున్నప్పుడు ఒకరైనా ఎదురు చెప్పాలి కాబట్టి నేను చెబుతాను. ‘ఆర్డెట్’లో యొహానెస్ నాకు ఆ సినిమాలో అన్నిటికంటే కృత్రిమంగా కనిపించే అంశం. సన్నని, పైస్థాయి గొంతు, వాక్యం చివర ఒకే తీరులో సాగే రాగం, ఎవరి వైపూ చూడని చూపు. రెండు గంటల ఆరు నిమిషాల సినిమాలో ఇది ఎంతసేపు భరించాలి? నాతో కలిసి చూసినవారు మొదటి పావుగంటలో నవ్వు ఆపుకోలేకపోయారు.

ఆ ఏడాది డెన్మార్క్ విమర్శకుల బోదిల్ పురస్కారాలు చూడండి. ఉత్తమ చిత్రాలలో ‘ఆర్డెట్’ నిలిచింది. ఉత్తమ నటుడిగా పెద్దకొడుకు మిక్కెల్ వేసిన ఎమిల్ హాస్ క్రిస్టెన్సన్, ఉత్తమ నటిగా కోడలు ఇంగెర్ వేసిన బిర్గిట్టె ఫెడర్‌స్పీల్ ఎంపికయ్యారు. యొహానెస్‌కు ఏమీ రాలేదు. వెనిస్ ఉత్సవంలో స్వర్ణ సింహం గెలిచిన సినిమాకు కేంద్రమైన పాత్ర అది. సొంత దేశపు విమర్శకులే ఆ నటనను దాటుకుని వెళ్లిపోయారంటే, వాళ్లు కూడా అది నటుడి ప్రతిభ కాదు, దర్శకుడి పట్టుదల అని భావించి ఉంటారు. డ్రయ్యర్ చేతిలో నటులు కీలుబొమ్మలన్న మాట ఊరికే పుట్టలేదు.

మౌనచిత్రం:

సందేహి గారు, గొంతు కృత్రిమమన్న మీ మాటతో నాకు పేచీ లేదు. అది ఉద్దేశించిన కృత్రిమత్వం. నా వాదన ఏమిటంటే, ఆ గొంతు లేకపోతే చివరి సన్నివేశం నిలబడదు. యొహానెస్ ఇల్లు వదిలి వెళ్లిపోయి, ఇంగెర్ అంత్యక్రియల వేళకు తిరిగివస్తాడు. గుమ్మంలో నిలబడి నోరు విప్పగానే గొంతు మారిపోయి ఉంటుంది. కిందికి దిగిన, నిలకడైన, మామూలు మనిషి గొంతు. కళ్లు ఎదుటివారిని చూస్తాయి. కొడుక్కి తెలివి తిరిగి వచ్చిందని తండ్రికి ఎవరూ చెప్పనక్కర లేదు. మీరూ నేనూ డేనిష్ రానివాళ్లమే, ఉపశీర్షికలు చదువుకుంటూ చూసినవాళ్లమే, అయినా ఆ మార్పు మన చెవికి తెలిసిపోతుంది. ఇక్కడ దర్శకుడు వేరే హంగు ఏదీ వాడలేదు. పిచ్చివాడి మాటగా రెండు గంటలు కొట్టిపారేసిన విషయాన్నే అతడు ఇప్పుడు మతి ఉన్న గొంతుతో చెబుతాడు: ఇంతమంది భక్తుల్లో ఒక్కరికైనా ఇంగెర్‌ను తిరిగి ఇమ్మని దేవుడిని అడగాలని తోచలేదేమని నిలదీస్తాడు. ఆ నిలదీత పిచ్చి గొంతులో వచ్చి ఉంటే మనం మళ్లీ నవ్వేవాళ్లం.

రెండో సంగతి, శ్రమకు సంబంధించినది. ఆ సినిమా మొత్తంలో ఉన్నవి సుమారు 114 షాట్లు. సగటున ఒక్కో షాటు నిమిషం దాటుతుంది. కొన్ని ఏడు నిమిషాల దాకా సాగుతాయి. అంటే నటుడు ఆ గొంతును, ఆ నడకను, ఆ చూపును మధ్యలో కోత లేకుండా నిలుపుకోవాలి. ఇంగెర్ కూతురు మారెన్ రాత్రివేళ యొహానెస్ దగ్గరకు వచ్చే షాటు గుర్తు చేసుకోండి. అమ్మ చనిపోతుందా, చనిపోతే నువ్వు లేపుతావా అని ఆ పాప ఎంతో మామూలుగా అడుగుతుంది. కెమెరా వాళ్లిద్దరి చుట్టూ నెమ్మదిగా వలయంలా తిరుగుతుంటే, వెనక గది గోడలు ఎదురు దిశలో జరుగుతున్నట్టు కనిపిస్తాయి. ర్యూ దాదాపు కదలడు. అయినా పెద్దలతో మాట్లాడేటప్పుడు లేని మెత్తదనం ఆ సన్నని గొంతులోకి వస్తుంది. రాగం అదే, స్థాయి అదే, కానీ ఎదుట వింటున్నవాళ్లు ఉన్నారన్న స్పృహ మాత్రం కొత్తది. ఇది కీలుబొమ్మ చేయగల పని కాదు.

పాతరీలు:

కీలుబొమ్మల మాట వచ్చింది కాబట్టి ఒక ప్రసిద్ధమైన ఉదంతం. ‘ఆర్డెట్’ వంటగది సెట్టును డ్రయ్యర్ ముందు అసలైన పల్లె వంటగదిలా సకల సామాగ్రితో నింపించి, తర్వాత ఒక్కొక్కటే తీయించివేశాడని ఛాయాగ్రాహకుడు హెనింగ్ బెండ్‌ట్సెన్ చెప్పేవాడు. చివరికి మిగిలిన పది పదిహేను వస్తువులే తెర మీద కనిపిస్తాయి, అయినా మనకు అది నిండైన వంటగదిలాగే ఉంటుంది. నటుల విషయంలోనూ ఆయన చేసింది ఇదే. అయితే తీసివేతకు ముందు నిండుగా ఉండాలి కదా! ఖాళీ నటుడి నుంచి ఏమి తీసివేస్తారు? అందుకే సందేహి గారి వాదన నాకు సగమే రుచిస్తుంది.

అదే ‘ఆర్డెట్’ నాటకాన్ని 1943లోనే స్వీడన్‌లో గుస్తాఫ్ మొలాండర్ సినిమాగా తీశాడు. అందులో ముసలి రైతు విక్టర్ స్యోస్ట్రోమ్, యొహానెస్ రూనే లిండ్‌స్ట్రోమ్. మూల నాటకంలో యొహానెస్ మతి చెడడానికి కారణం ప్రియురాలి మరణం. డ్రయ్యర్ ఆ ప్రియురాలిని కథ నుంచి మొత్తంగా తొలగించాడు. కొత్తగా వచ్చిన పాస్టరు ఇది ప్రేమ వ్యవహారమా అని అడిగితే, కాదు, సోరెన్ కీర్కెగార్డ్ (డెన్మార్క్ తత్త్వవేత్త) అని మిక్కెల్ జవాబిస్తాడు. సినిమాలో నవ్వు తెప్పించే కొద్ది చోట్లలో అదొకటి. కానీ నటుడి కోణం నుంచి చూస్తే అది క్రూరమైన మార్పు. ప్రియురాలిని పోగొట్టుకున్నవాడిని ఆడడానికి నటుడికి పట్టుకొమ్మ ఉంటుంది. ప్రేక్షకుల సానుభూతి కూడా ఉచితంగా దొరుకుతుంది. తత్త్వశాస్త్రం చదివి మతిపోయినవాడికి ఏ పట్టుకొమ్మా లేదు. ర్యూ దగ్గర మిగిలినవి గొంతు, నడక మాత్రమే.

ఇక మధ్య కాలం సంగతి. 1950ల నుంచి డెన్మార్క్ థియేటర్లను నింపినవి మోర్టెన్ కోర్క్ నవలల మీద తీసిన పల్లెటూరి కుటుంబ చిత్రాలు, హాస్య చిత్రాలు. తర్వాత 1968లో మొదలైన ‘ఓల్సెన్ బాండెన్’ దొంగల ముఠా పరంపర. ఆ విపణిలో ఇలాంటి పొడుగాటి, లోపలికి చూసుకునే ముఖానికి గిరాకీ ఎక్కడ ఉంటుంది? డ్రయ్యర్ కూడా ‘ఆర్డెట్’ తర్వాత 1964లో ‘గెర్ట్రూడ్’ ఒక్కటే తీయగలిగి, 1968లో చనిపోయాడు. ఆ ఒక్కదానిలో ర్యూకు చోటు లేదు. ఈ లెక్కన ఆయనను విఫల నటుడనడం అన్యాయం. ఆయనకు తగిన దర్శకుడు పదేళ్లకొక సినిమా తీసేవాడు, అంతే.

సందేహి:

గొంతు మార్పు గురించి మౌనచిత్రం గారు చెప్పినది ఒప్పుకోదగినదే. కానీ విపణి మీద నెపం వేయడం సులువు. అదే విపణిలో బిర్గిట్టె ఫెడర్‌స్పీల్ నిలబడింది. ‘గెర్ట్రూడ్’లో ప్రియుడైన యువ సంగీతకారుడిగా నటించిన బోర్డ్ ఓవె, నార్వేలో పుట్టి డెన్మార్క్‌లో స్థిరపడినవాడు, ఎలా ఎదిగాడో చూడండి. 1994లో ట్రయర్ తీసిన ‘ది కింగ్‌డమ్’లో, పరిశోధన కోసం క్యాన్సర్ గడ్డ ఉన్న కాలేయాన్ని తన ఒంట్లోకే మార్పించుకునే డాక్టర్ బోండో ఆయనే. డెబ్బై దాటాక ‘ఓ హోర్టెన్’లో పదవీ విరమణ చేస్తున్న రైలు డ్రైవరుగా ప్రధాన పాత్ర వేశాడు. డ్రయ్యర్ ముద్ర పడిన నటుడు దాని నుంచి బయటపడవచ్చని ఓవె నిరూపించాడు. ర్యూ బయటపడలేదు. తేడా నటులలోనే ఉందని నేనంటాను.

కృష్ణాతీరం:

నేను సాధారణంగా ఇక్కడ చదవడమే తప్ప రాయను. కానీ ఇంతమంది రాసినా ఒక ముఖ్యమైన సినిమా పేరు రాకపోవడం చూసి ఆగలేకపోతున్నాను. 1987లో గాబ్రియేల్ ఆక్సెల్ తీసిన ‘బాబెట్స్ ఫీస్ట్’. డెన్మార్క్‌కు ఉత్తమ విదేశీ భాషా చిత్రంగా మొదటి ఆస్కార్ తెచ్చిన సినిమా ఇది. చాలామంది దీనిని వంటల సినిమాగానే గుర్తు పెట్టుకుంటారు. తాబేలు సూపు, క్వెయిల్ పిట్టలు, షాంపేను. నేనూ మొదట అలాగే చూశాను.

ఇప్పుడు ఆ విందు బల్ల చుట్టూ కూర్చున్న, ఇద్దరు అక్కాచెల్లెళ్లు నడిపే చిన్న భక్తసమాజపు ముసలివాళ్లను చూడండి. వాళ్లలో ఒక వృద్ధ వితంతువు, ఒక వృద్ధ కెప్టెన్ ఉన్నారు. యవ్వనంలో ఆమె భర్త బతికి ఉండగానే వీళ్లిద్దరి మధ్య రహస్య సంబంధం ఉండేది. ఆ పాపానికి దేవుడు ఏ శిక్ష వేస్తాడోనన్న భయంతో దశాబ్దాలుగా కుమిలిపోతుంటారు. విందు రాత్రి ఆ భయం సడలిపోయి ఒకరినొకరు ముద్దు పెట్టుకుంటారు. కెప్టెన్ వేషం వేసింది ప్రెబెన్ లెర్డార్ఫ్ ర్యూ. వితంతువుగా వేసింది లిస్బెత్ మోవిన్.

అంటే 1943లో శవపేటిక పక్కన ఆన్‌ను వదిలిపెట్టి నాయనమ్మ వైపు నడిచిపోయిన మార్టిన్, నలభై నాలుగేళ్ల తర్వాత ఆ ఆన్ దగ్గరకే తిరిగి వచ్చాడు. పాత్రలు వేరు, కథ వేరు, శతాబ్దం కూడా వేరు. కానీ ముఖాలు అవే. ప్రొజెక్టరు గారు చెప్పిన ఆ అడుగుల గురించి చదవగానే నాకు వెంటనే ఈ ముద్దు గుర్తొచ్చింది.

ప్రొజెక్టరు:

కృష్ణాతీరం గారూ, ఈ అంశంలో ఇప్పటిదాకా వచ్చిన మాటలన్నింటిలోకీ విలువైనది మీదే. దయచేసి ఇకపై రాస్తూ ఉండండి.

ఒక్క విషయం విడదీసి చూద్దాం. ఆ జంట కథ ఆక్సెల్ కల్పించినది కాదు. కరెన్ బ్లిక్సెన్ 1950లో ప్రచురించిన మూలకథలోనే ఆ పాపభారం మోసే ఇద్దరు వృద్ధులు, వాళ్ల ముద్దు ఉన్నాయి. ఆక్సెల్ కథాస్థలాన్ని నార్వే నుంచి జట్లాండ్ తీరానికి మార్చాడు గానీ ఆ జంటను అలాగే ఉంచాడు. కాబట్టి కథలో పోలిక యాదృచ్ఛికం. కానీ ఆ రెండు పాత్రలకు సరిగ్గా ఈ ఇద్దరినే ఎంచుకోవడం యాదృచ్ఛికమని నేను నమ్మను. ఎందుకంటే ఆ సినిమాలో తారాగణం మొత్తం చూడండి. అక్కాచెల్లెళ్లలో మార్టినె బిర్గిట్టె ఫెడర్‌స్పీల్, అంటే ‘ఆర్డెట్’లో చనిపోయి లేచిన ఇంగెర్. అందులోనే చిన్నకొడుకు ఆండర్స్ వేసిన కై క్రిస్టియన్‌సెన్ కూడా ఈ భక్తసమాజంలో ఉన్నాడు. ‘గెర్ట్రూడ్’లో భర్త వేసిన బెండ్ట్ రోథె, కవి వేసిన ఎబ్బె రోడె, మిత్రుడు వేసిన ఆక్సెల్ స్ట్రోబ్యు, ముగ్గురూ ఉన్నారు. ఒకరిద్దరైతే సరే. ఇంతమందిని ఒకే సినిమాలోకి చేర్చిన దర్శకుడికి తాను ఏమి చేస్తున్నాడో తెలియదా?

అందువల్ల సందేహి గారి ‘బయటపడలేదు’ అన్న మాటను నేను తిరగేసి చదువుతాను. ఓవె డ్రయ్యర్ నీడ నుంచి బయటికి వచ్చి ఎదిగాడు, నిజమే. ర్యూ ఆ నీడను వెంటపెట్టుకుని తిరిగాడు. కెప్టెన్ పాత్రకు మహా అయితే కొద్ది నిమిషాల నిడివి. కొత్త నటుడు వేసి ఉంటే అది ఒక చిలిపి ముద్దు, ప్రేక్షకులు నవ్వుకుని మరచిపోయేవారు. ర్యూ వేయడం వల్ల దాని వెనక నలభై నాలుగేళ్లు వచ్చి చేరాయి. ఈ బరువు ఏ నటనా శిక్షణతోనూ రాదు.

ఉత్తరసముద్రం:

లార్స్ వాన్ ట్రయర్ సంగతి కూడా ఇక్కడే చెప్పుకోవాలి. 1984లో వచ్చిన ‘ది ఎలిమెంట్ ఆఫ్ క్రైమ్’ ఆయన తొలి చలనచిత్రం. మొత్తం సోడియం దీపాల పసుపు కాంతిలో ముంచి తీసినట్టుండే, ఇంగ్లిషులో మాట్లాడే ఆ సినిమా కాన్ ఉత్సవంలో సాంకేతిక పురస్కారం పొందింది. అందులో ర్యూది తాత పాత్ర, చాలా చిన్నది. తర్వాత 1988లో డెన్మార్క్ టెలివిజన్ కోసం ట్రయర్ గ్రీకు పురాణ కథ ‘మెడియా’ తీశాడు. డ్రయ్యర్ తన చివరి సంవత్సరాల్లో ప్రెబెన్ థామ్‌సెన్‌తో కలిసి రాసి, తీయలేకపోయిన స్క్రిప్టు అది. ఇది డ్రయ్యర్ సినిమా తీసే ప్రయత్నం కాదని, ఆయన స్క్రిప్టుకు తన వ్యాఖ్యానమని, ఆ గురువుకు నివాళి అని మొదట్లోనే ట్రయర్ తెర మీద రాసి చూపిస్తాడు. అందులో పిల్లల ఉపాధ్యాయుడు ర్యూ. బోర్డ్ ఓవె కూడా అందులో ఉన్నాడు, ఏజియస్ రాజుగా. ‘ఆర్డెట్’కూ ‘గెర్ట్రూడ్’కూ కెమెరా పట్టిన హెనింగ్ బెండ్‌ట్సెన్‌ను కూడా ట్రయర్ వదలలేదు. 1991లో వచ్చిన ‘యూరోపా’ ఛాయాగ్రాహకుల్లో ఆయన ఒకడు.

అయితే ఇక్కడ నాకొక అసంతృప్తి ఉంది. ట్రయర్ ఈ పెద్దవాళ్లను గౌరవంతో పిలిచాడా, లేక పూజగదిలో పటాల్లా వాడుకున్నాడా? ‘ది ఎలిమెంట్ ఆఫ్ క్రైమ్’లో ఆ తాత పాత్రకు ఎవరిని పెట్టినా సరిపోయేది. ర్యూ అక్కడ ఉన్నది నటించడానికి కాదు, గుర్తుపట్టగలిగినవారు గుర్తుపట్టడానికి. ఆక్సెల్ మాత్రం ఆయనకు చేయడానికి ఒక పని ఇచ్చాడు. ఆ పని చిన్నదే, కానీ నటుడి పని.

సందేహి:

ఇది నేను అనబోయిన మాటే. ట్రయర్ వాడకం నాకు కొంచెం గొప్పలు చెప్పుకోవడంలా ఉంటుంది. కుర్ర దర్శకుడు ‘చూడండి, నా వెనక ఎవరున్నారో’ అన్నట్టు. కానీ ‘బాబెట్స్ ఫీస్ట్’ విషయంలో నాకు ఎదురు చెప్పడానికి ఏమీ తోచడం లేదు. రేపు మళ్లీ చూస్తాను. యొహానెస్ గొంతు మాత్రం నాకు ఇప్పటికీ భరించరానిదే. దాని అవసరం తెలిసినంత మాత్రాన చెవికి ఇంపుగా మారిపోదు కదా.

పాతరీలు:

ఇంపుగా ఉండాలని ఎవరన్నారు? ఆ ఇంట్లోవాళ్లకే అది భరించరానిది. యొహానెస్ వెలిగించిన కొవ్వొత్తులు తెచ్చి కిటికీలో పెట్టి, చీకటిలో వెలుగు ప్రకాశించాలని చెప్పి వెళ్లే సన్నివేశంలో మిగిలినవాళ్లను చూడండి. ఎవరూ కోప్పడరు, ఎవరూ వాదించరు. రోజూ జరిగే వ్యవహారంలా ఓపిక పట్టి, అతడు గది దాటాక తమ మాటల్లో పడతారు. ముసలి మోర్టెన్‌గా వేసిన హెన్రిక్ మాల్‌బెర్గ్ అప్పటికి ఎనభై దాటినవాడు. ముంక్ ఆ పాత్రను మొదట ఊహించుకున్నదే ఈయనను మనసులో పెట్టుకుని. పక్కన అంతటి అనుభవజ్ఞుడు ఎంతో సహజంగా నటిస్తుంటే, దానికి పూర్తిగా వ్యతిరేకమైన శైలిలో తన పాత్రను చివరిదాకా పట్టాలు తప్పకుండా నడపాలి. లొంగిపోయి కాస్త సహజంగా చేద్దామని ఏ నటుడికైనా అనిపిస్తుంది. ర్యూ లొంగలేదు.

కృష్ణాతీరం:

ఒక ప్రశ్న. ఆయన తన మాటల్లో ఈ పాత్రల గురించి ఎక్కడైనా చెప్పారా?

మౌనచిత్రం:

చెప్పారు. డ్రయ్యర్ మీద టోర్బెన్ స్క్యోట్ యెన్సెన్ తీసిన ‘మై మెటియే’ అనే డాక్యుమెంటరీలో ర్యూ, లిస్బెత్ మోవిన్, బిర్గిట్టె ఫెడర్‌స్పీల్, ఆక్సెల్ స్ట్రోబ్యు, బోర్డ్ ఓవె, బెండ్‌ట్సెన్ అందరూ మాట్లాడతారు. అది 1995లో పూర్తయింది, ఆయన మరణించిన సంవత్సరమే. క్రైటీరియన్ సంస్థ వేసిన ‘డే ఆఫ్ రాత్’ డీవీడీలో మోవిన్, ర్యూ ఇంటర్వ్యూలు విడిగా కూడా చేర్చారు.

కొత్తగా చూసేవారు ‘డే ఆఫ్ రాత్’, ‘ఆర్డెట్’, ‘బాబెట్స్ ఫీస్ట్’ ఈ వరుసలోనే చూడాలని నా సలహా. ‘ఆర్డెట్’ కంటే ముందు మార్టిన్‌ను చూసి ఉండడం అవసరం. ప్రేమించినదాన్ని నమ్మలేక మంటలపాలు చేసినవాడి ముఖం మనకు గుర్తుంటే, చనిపోయినదాన్ని నమ్మకంతో లేపేవాడిగా అదే ముఖాన్ని డ్రయ్యర్ ఎందుకు ఎంచుకున్నాడో ఆలోచించడం మొదలుపెడతాం. ‘మెడియా’ గురించి మాట్లాడవలసినది ఇంకా చాలా ఉంది, అయితే అది ర్యూ కంటే ట్రయర్‌కు సంబంధించిన చర్చ అవుతుంది. ఉత్తరసముద్రం గారు దానికి వేరే అంశం తెరిస్తే అక్కడ కలుద్దాం.